ఇంపర్టర్బబిలిటీ గల పిల్ల

సంబంధం ఉత్తరంలో అన్నీ అర్థమయ్యాయి, ఒక్క మాట తప్ప.

అమ్మాయి పేరు రామతులసి. వయసు ఇరవై మూడు. ఎస్సెస్సెల్సీ పాసైంది. తంతి తపాలా శాఖలో ఉద్యోగం, రోజూ పోడూరు నుంచి పాలకొల్లుకి బస్సులో వచ్చి వెళ్తుంది. గోత్రాలు, నక్షత్రాలు కుదిరాయి. చివర్న అమ్మాయి మేనమామ, ఆయన ఒక ప్లీడరుగారి గుమాస్తా, ఇంగ్లీషులో ఒక వాక్యం తగిలించాడు. అమ్మాయికి ఇంపర్టర్బబిలిటీ ఉందట.

“ఉంటే ఉందిగానీ, మందులకి తగ్గేదేనా?” అంది నాగరత్నం.

నాగరత్నం భర్త గున్నేశ్వరరావుకి పాలకొల్లులో కొబ్బరికాయల కొట్టుంది. కొట్టు ఆయనది, గొంతు ఆవిడది. ఆవిడ ఇంట్లోంచి కేకేస్తే కొట్లో కాయలు లెక్కపెట్టేవాడు లెక్క తప్పి మళ్ళీ ఒకటి నుంచి మొదలెడతాడు. రిక్షావాడు, పాలవాడు, ఆఖరికి పూజారిగారు, ఆవిడ నోట పడనివాడు ఊళ్ళో లేడు. తను మాట్లాడుతున్నప్పుడు అవతలివాళ్ళ గొంతు వినే అలవాటు ఆవిడకి మొదట్నించీ లేదు. మనసు మాత్రం వెన్న అంటాడు గున్నేశ్వరరావు. ఆ వెన్న ఆయన ఎప్పుడు రుచి చూశాడో ఎవరికీ తెలీదు.

పెద్దకోడలు ఆ వెన్న జోలికి పోకుండా మూడు నెలలకే మొగుణ్ణి తీసుకుని తణుకు వెళ్ళి వేరు కాపురం పెట్టింది. అప్పట్నించీ ఇల్లు బోసిపోయింది. ఇప్పుడు రెండోవాడు అచ్చిబాబు పెళ్ళి. ఈ కోడలు కూడా నిలవకపోతే తను ఎవరితో మాట్లాడాలి, ఎవరికి వండిపెట్టాలి? నాగరత్నం బెంగంతా అదే. పైకి మాత్రం నిలిచే పిల్ల కావాలి, అంతే అంటూ ఉండేది.

మొగుడూ పెళ్ళాం ఉత్తరం పట్టుకుని చంద్రరావుగారి ఇంటికి వెళ్ళారు. ఆయన రిటైరైన ఇంగ్లీషు మాస్టారు. కళ్ళజోడు పెట్టుకుని, తీసి, తుడిచి, మళ్ళీ పెట్టుకున్నారు. ఆయన్ని ఒక మాటకి అర్థం అడిగి ఎన్నేళ్ళయిందో! ఆ సంబరంలో కాఫీ కూడా ఇప్పించారు.

“జబ్బు కాదమ్మా, నిబ్బరం. శాంతమంటే ఎవరూ కదపనప్పుడు ఉండేది. ఇది కదిపినా ఉండేది.”

దాన్ని ఎలా వాడాలండీ అనడిగాడు గున్నేశ్వరరావు.

“మనుషులకే వాడాలి. గేదెని తిట్టారనుకోండి, అది కదల్లేదనుకోండి, దానికి ఈ మాట చెల్లదు. తిట్టు దానికి అర్థం కాలేదు కదా. అర్థమయ్యి కూడా కదలకపోవాలి.”

ఇంకో ఉదాహరణ చెప్పబోయి, గున్నేశ్వరరావు మొహం చూసి మాస్టారు ఊరుకున్నారు.

నాగరత్నానికి నచ్చింది. నచ్చిందిగానీ, మేనమామ రాసినంత మాత్రాన నమ్మేస్తామా? కొబ్బరికాయనైనా చెవి దగ్గర పెట్టి ఊపి చూశాకే కొంటాం. పిల్లని కూడా కదిపి చూడాల్సిందే అనుకుంది.

ఆదివారం పోడూరు వెళ్ళారు. రిక్షా దిగీ దిగగానే నాగరత్నం రిక్షావాడితో మొదలుపెట్టింది. ఆ కేకలు వినబడగానే లోపల జడ వేయించుకుంటున్న అమ్మాయి ఠక్కున తలెత్తిందట. తర్వాత తనలో తనే నవ్వుకుందట.

పిల్ల వచ్చి చాప మీద కూర్చుంది. ఈ చీర రంగు నీకు నప్పలేదంది నాగరత్నం. అవునాండి, ఇంకోసారి మార్చుకుంటానండి అంది రామతులసి. నాగరత్నం సున్నుండ కొరికి, వీటితో గోడ కట్టుకోవచ్చంది. పిల్ల తల్లి మొహం మాడిపోయింది. పిల్ల మాత్రం పళ్ళెం కాస్త ముందుకి జరిపి, పోనీ జంతిక తీసుకోండి అంది. కాఫీ కుడితిలా ఉందని గ్లాసు కింద పెట్టేసింది నాగరత్నం. అచ్చిబాబుకి సిగ్గుతో ప్రాణం చచ్చిపోయింది. గున్నేశ్వరరావు గోడకున్న క్యాలెండరులో తిథులు చదువుకుంటూ కూర్చున్నాడు.

రామతులసి ఒక్క నిమిషం ఉండండి, చూస్తాను అని లోపలికెళ్ళి వేరే కాఫీ కలిపి తెచ్చింది. నవ్వు చెరగలేదు. నాగరత్నం ఇంకో అరగంట శక్తివంచన లేకుండా ప్రయత్నించింది. చివరికి ఆవిడకే ఆయాసమొచ్చింది.

“అమ్మాయ్, నా నోరు మంచిది కాదు,” అంది ఉన్నట్టుండి గొంతు తగ్గించి. “పెద్దది తట్టుకోలేక వెళ్ళిపోయింది. నువ్వూ వెళ్ళిపోయేటట్టయితే ఆ ముక్క ఇప్పుడే చెప్పెయ్.”

“వెళ్ళనండి,” అంది రామతులసి. “నాకు అలవాటేనండి.”

అందరూ పిల్ల తల్లి వైపు చూశారు. ఆవిడ పొద్దుట్నుంచీ నాలుగు మాటలైనా ఆడి ఉండదు పాపం. పైకలా ఉంటుందిగానీ ఇంట్లో గట్టి నోరే అన్నమాట అనుకుని నాగరత్నం ఆవిణ్ణి కాస్త గౌరవంగా చూసింది. మాట అక్కడికక్కడే ఖాయమైపోయింది.

మర్నాడు పొద్దున్నే ఈ శుభవార్త కాకినాడలో ఉన్న అక్కకి చెప్పాలని నాగరత్నం కొట్లో ఫోను ముందు కూర్చుంది. ట్రంకాల్ బుక్ చేసి ముప్పావుగంటయింది. ఉలుకూ లేదు, పలుకూ లేదు. ఇక ఆగలేకపోయింది. రిసీవరెత్తి, ఎక్స్ఛేంజి అమ్మాయిని రోజూ ఎలా అందుకుంటుందో అలాగే అందుకుంది.

“నిద్రపోతున్నావా అక్కడ? మూడేళ్ళ నుంచి చూస్తున్నాను, ఒక్కరోజైనా అడగ్గానే లైనిచ్చావా? నిన్ను చేసుకునే ఇంటివాళ్ళెవరో గానీ వాళ్ళ ఖర్మ. నెమ్మదంటే ఏంటో మా ఇంటికి రాబోయే పిల్లని చూసి నేర్చుకో.”

“కాకినాడ కలిసిందండి, మాట్లాడండి అత్తయ్యగారూ,” అంది ఎక్స్ఛేంజి అమ్మాయి.