పాము చెవులు

"నాలుగోది నోరు విప్పడం లేదు నర్సమ్మా," అన్నాడు మేస్త్రి, పాత కారు బానెట్ కింద నుంచి తల బయటికి తీయకుండానే.

"పోయిన వారమేగా కొత్త ఇంజెక్టర్ వేశారు?"

"వేశాను. వచ్చిన రోజు నుంచీ అదీ మౌనవ్రతమే."

నర్సమ్మ ఉసూరుమంది. డ్యూటీ దిగి తిన్నగా షెడ్డుకే వచ్చింది. మెడలో స్టెతస్కోపు కూడా తీయలేదు. సొంత సంపాదనతో కొన్న మొదటి కారు అది. దానికి వయసు మీద పడింది గానీ ఆమెకి మమకారం చావలేదు. ఇప్పుడది నిలబెడితే చాలు గజగజా వణుకుతోంది, సిగ్నల్ దగ్గర ఠక్కున ఆగిపోతోంది. నిన్న వెనకున్న లారీవాడు తిట్టిన తిట్లు ఆమె పురుటి వార్డులో కూడా వినలేదు.

"ఇవాళ తేల్చండి మేస్త్రిగారూ. లేదంటే మెయిన్ రోడ్డులో కారు రోగం కనిపెట్టే స్కానరు మిషను పెట్టుకున్నవాళ్ల దగ్గరికి తీసుకెళ్తాను."

ఆ మాటకి మేస్త్రికి ఒంటికి కారం రాసినట్టయింది. ఆయన్ని అందరూ పాముచెవుల మేస్త్రి అంటారు. ఇంజిన్ నడుస్తుండగా పొడుగాటి స్క్రూడ్రైవరు మొనని ఇంజెక్టర్ మీద ఆనించి, పిడిని చెవికి ఆనించుకుంటాడు. పెట్రోలు చిమ్మిన ప్రతిసారీ ఇంజెక్టర్ టిక్కుమంటుంది. ఏది పని చేస్తోందో, ఏది బద్ధకిస్తోందో విని చెప్పేస్తాడు. ఆ పేరు పోతే ఆయనకిక మిగిలేది స్క్రూడ్రైవరొక్కటే.

"చెవులుండగా మిషనెందుకమ్మా? మా ఆవిడా మొదట్లో స్కానరు కొనమని ఒకటే పోరు. ఈ మధ్య ఆ ఊసే ఎత్తడం లేదు. నా చెవుల విలువ ఆవిడకీ తెలిసొచ్చింది."

అన్నాడే గానీ లోపల ఆయనకీ బెరుగ్గానే ఉంది. అంతకంటే ఎక్కువ వింతగా ఉంది. ఒకటో ఇంజెక్టర్ తీసి నాలుగో చోట, నాలుగోది తీసి ఒకటో చోట పెట్టాడు. ఇంజిన్ ఆన్ చేసి, మొదటి మూడూ విన్నాడు. ఇందాకటి మూగది ఒకటో చోటికి రాగానే గలగలా మాట్లాడేసింది. నాలుగోది మాత్రం మూలకి, బ్యాటరీ వెనక ఉంటుంది. దాని కోసం కారు చుట్టూ తిరిగి అవతలి పక్క నుంచి వంగాలి. వంగి విన్నాడు. చడీచప్పుడూ లేదు. అక్కడికి చేరేసరికి మాటకారి కూడా మూగబోయింది. దాని వైరు ప్లగ్గు ఊడదీసి టెస్ట్ లైటు పెట్టి చూశాడు. లైటు మిణుకు మిణుకుమంటూ వెలిగింది. ప్లగ్గు మళ్లీ తగిలించాడు.

"కరెంటు వస్తోంది, ఇంజెక్టర్ మంచిదే, అయినా పలకదు! ఇదెక్కడి విడ్డూరం? కంప్యూటర్ డబ్బాలోనే దమ్ము పోయినట్టుంది. ఈ మోడలుకి ఆ డబ్బా దొరకదమ్మా."

"అంటే?"

"అంటే... పాత ఇనుప సామాన్లకే."

నర్సమ్మ కళ్లల్లో నీళ్లు తిరిగాయి. అప్పుడే మేస్త్రి భార్య అన్నం క్యారేజీ పట్టుకుని వచ్చి, మళ్లీ బానెట్లోకి వంగిన మొగుడి పక్కన నిలబడింది.

"తినండి, చల్లారిపోతోంది. అన్నట్టు, ఆ బుసేంటండీ?"

మేస్త్రి ఉలకలేదు, పలకలేదు.

"పనిలో పడితే ఇంతే సిస్టరుగారూ. ఇంట్లోనూ ఇంతే," అందావిడ.

నర్సమ్మ కళ్లు తుడుచుకుంది. "పారేసే ముందు నేనూ ఓసారి నాడి చూస్తాను," అంటూ స్టెతస్కోపు చెవుల్లో పెట్టుకుని, బిళ్లని నాలుగో ఇంజెక్టర్ మీద ఆనించింది. ఆమె కళ్లు పెద్దవయ్యాయి.

"కొట్టుకుంటోంది మేస్త్రిగారూ! టిక్కుటిక్కుమని ఎంచక్కా కొట్టుకుంటోంది!"

"ఛస్తే కాదు," అంటూ ఆయన స్క్రూడ్రైవరు పెట్టి విన్నాడు. ఏమీ లేదు. స్టెతస్కోపు లాక్కుని విన్నాడు. టిక్ టిక్ టిక్. మేస్త్రి స్క్రూడ్రైవరుని ఎగాదిగా చూశాడు. "కొంపదీసి ఇది పాడైందా?"

నర్సమ్మ ఆయన చెవి వంక చూసింది. "ఇంజెక్టర్లు మార్చి చూశారుగా. ఇప్పుడు చెవులు మార్చి చూడండి."

మేస్త్రి నవ్వబోయి ఆగిపోయాడు. మెడ మెలితిప్పి కుడి చెవి ఆనించాడు. నాలుగోది పలికింది. ఒకటోదాని దగ్గరికెళ్లి ఎడమ చెవి ఆనించాడు. అదీ మూగబోయింది. ఆయన ఎడమ చెవి తడుముకున్నాడు.

"బుస అంటే పలకరేంటండీ?" అంది భార్య, ఈసారి ఎదురుగా వచ్చి.

"ఏ బుస?"

కుడి చెవి అటు తిప్పాక వినపడింది. నాలుగోదాని వెనక ఓ రబ్బరు గొట్టం చీలి, బుస్సుమని గాలి పీలుస్తోంది. ఆ దొంగగాలే పెట్రోలు లెక్క తప్పించి కారుని వణికిస్తోంది. పాముచెవులాయనకి పాము బుసే వినపడలేదు. గొట్టం మార్చగానే వణుకు తగ్గింది. నర్సమ్మ కారుని పసిపిల్లని తట్టినట్టు తట్టింది.

మేస్త్రి మాత్రం పాత టైరు మీద కూలబడ్డాడు. "ఈ ఎడమది ఎప్పుడు పోయిందో కూడా తెలీదమ్మా. ఈ చెవులతోనే కదా బతుకుతున్నాను. భయమేస్తోంది."

"రేపు ఆసుపత్రికి రండి, చూపిద్దాం. ఒక్కోసారి గుబిలి తీస్తే సరిపోతుంది. అవునుగానీ అమ్మా, ఇంట్లో నువ్వయినా గమనించలేదా? రాత్రిళ్లు ఏ పక్కన పడుకుంటావు?"

"ఈయన ఎడమ పక్కన," అని భార్య ఠక్కున నాలిక్కరుచుకుంది. "అయితే ఏవండీ, రోజూ రాత్రి నేనడిగేది మీకు వినపడనే లేదా?"

"ఏమడిగావు?"

ఆవిడ చుట్టూ తిరిగి కుడి చెవి దగ్గరికి వచ్చి, మెల్లగా అంది: "స్కానరు మిషను కొందామా అని. మీరు కాదనలేదుగా, మౌనం అర్ధాంగీకారమనుకుని నిన్ననే కొనేశాను."