స్ట్రైకర్ ఇలియాస్‌కు కొత్త కొలువు

ఫుట్‌బాల్ వీడియో గేముల్లోని ఆటగాళ్లు తమ మేనేజర్ల ఇళ్లకు ఫోన్లు చేయడం మామూలైపోయిన రోజులవి. కొత్తగూడెంలో స్వరూప చిక్కుడుకాయలు తుంచుతుండగా, గేమ్‌లో ఒకే జట్టును ఏళ్ల తరబడి నడిపే కెరీర్ మోడ్‌లో ఆమె జట్టుకు తొలి సీజన్ నుంచీ గోల్స్ కొట్టిన ఇలియాస్ ఫోన్ చేశాడు.

"మోకాలు సహకరిస్తలేదు మేడం. రేపు ఫైనల్ల నన్ను ఆడించకున్రి."

"వాణ్ని అమ్మేసి కొత్తోణ్ని తెచ్చుకో," అన్నాడు పక్కనున్న భర్త రాజమల్లు. "గెలిస్తే పెద్ద లీగుకు పోతవ్ గదా!"

అమ్మితే ఇలియాస్‌లోని పాత జ్ఞాపకాలన్నీ తుడిచేసి పంపుతారు. స్వరూప అమ్మలేదు. అతను లేకుండానే ఆడించి, ఫైనల్ ఓడిపోయింది. కాస్త బాధపడింది. కూరకు తాలింపు పెట్టి, తనే ఇలియాస్‌కు ఫోన్ చేసింది.

"మన జూనియర్లకు ఆట నేర్పుతవా?"

అవతల ఇలియాస్ విజిల్ వెతుక్కుంటున్న చప్పుడు వినిపించింది.

"పొద్దుగాల్నే రావాల్నా, మేడం?"