మూడో అంకంలో నవ్వు

మరణశిక్ష వేసిన రాజు ముఖం మీదే నాయిక ఎందుకు నవ్వింది? రెండు వందల ఏళ్ల నాటి ఒక నాటకం మూడో అంకంలోని ఆ ఒక్క నవ్వు మీద పండితులు నూరేళ్లుగా కొట్టుకుంటున్నారు. వేదాంతమని ఒకరు, పిచ్చని ఒకరు, తిరుగుబాటని ఇంకొకరు. విజయనగరంలో పరిశోధన చేస్తున్న సుహాసిని ఆ నవ్వు మీదే నాలుగొందల పేజీలు రాసింది. సమర్పించబోయే ముందు శృంగవరపుకోటలో తాయారును కలిసింది. నలభై ఏళ్లు ఆ వేషం కట్టిన మనిషి. ఇప్పుడు ఎనభై దాటాయి. ఆ నవ్వు ఎందుకని అడిగింది.

"అందులో ఏటుందమ్మా! మా మామ్మ ఆ ఏసం కట్టినప్పుడు రాజు మీసం ఊడి పడిపోనాది. ఆపుకోలేక నవ్వీసినాది. జనం ఒకటే సప్పట్లు! పుస్తకం అచ్చేసినోళ్లు ఆ నవ్వు కూడా రాసీసినారు. అప్పట్నించి అందరం నవ్వడవే."

ఐదేళ్ల కష్టం మంటగలిసింది. సుహాసిని నీరసంగా సంచీ సర్దుకుని లేచింది.

"ఉండే పిల్లా. ఇంతకీ నువ్వేటి రాసినావో సదువు."

సుహాసిని సిగ్గుపడుతూ ఫోన్‌లో చూసి చదివింది. "చావు ఖాయమయ్యాక ఆమెకు భయం పోయింది. ఆ క్షణాన సభలో ఎవరికీ భయపడని మనిషి ఆమె ఒక్కతే. రాజుకైనా సామంతుల భయం ఉంది. అందుకే నవ్వింది."

తాయారు బుగ్గన చెయ్యి వేసుకుంది.

"ఒలమ్మో, నలభై ఏళ్లు ఉత్తినే నవ్వీసినాను! ముందే సెప్పుంటే ఎంత బాగా నవ్వుదును!"

మంచం కోడు పట్టుకుని మెల్లగా లేచింది. సుహాసినినే రాజుగా నిలబెట్టుకుని, తలెత్తి, కళ్లలోకి చూస్తూ నవ్వింది.

సుహాసిని తనకు తెలియకుండానే రెండడుగులు వెనక్కి వేసింది.

మర్నాడు ఒక్క అక్షరం మార్చకుండా గ్రంథం సమర్పించింది.