లాకు దగ్గర ఆగిన చరిత్ర

"తలుపులు తియ్యవయ్యా ఏసుబాబూ! చీకటిపడేలోగా అవనిగడ్డ చేరాలి!" నా పుస్తకాల పడవలోంచి గొంతు చించుకున్నాను.

లాకులో నీళ్లు అవతలి కాలవ మట్టానికి ఎప్పుడో సమమయ్యాయి. లాకు తలుపులు తీసే లస్కరు ఏసుబాబు మాత్రం నాకేసి చూడలేదు. గట్టు మీద వాళ్లావిడ జ్ఞానమ్మ చరిత్ర పుస్తకం పైకి చదువుతోంది. పడవ లాకులో ఉన్నంతసేపూ చదువుకోమని ఇచ్చింది నేనే. కవిత్వం, బొమ్మల కథలు, సినిమా డైరెక్టర్ల జీవితాలు చూపిస్తే వద్దంది. పోయినసారి కోట ముట్టడి దగ్గర ఆగిందట.

"శత్రువులు కోటగుమ్మం దాకా వచ్చేశారు..."

వెనక ధాన్యం పడవవాళ్లు గెడలు వదిలేసి గట్టెక్కారు. మోపిదేవి మొక్కుకి వెళ్తున్న ముసలమ్మలు బుగ్గలు నొక్కుకుంటున్నారు.

"ఏసుబాబూ!"

"ఉండండి పంతులుగారూ, రాణిగారు అంత ఆపదలో ఉంటే తలుపులెలా తియ్యనండీ?"

ఒళ్లు మండి గట్టెక్కాను, పుస్తకం లాక్కుందామని.

"అప్పుడు రాణి కొంగు బిగించి, లాకు తలుపులు బార్లా తెరిచేసింది! శత్రుసైన్యమంతా కాలవలో కొట్టుకుపోయింది!"

ఈలలే ఈలలు! నా చెయ్యి గాల్లోనే ఆగిపోయింది. ఏ రాజుల కాలంలో ఉన్నాయండీ లాకులు?

జ్ఞానమ్మ భుజం మీంచి తొంగిచూశాను. ముట్టడి తరవాతి పేజీలన్నీ ఎలకలు కొట్టేశాయి. ఆమె చదువుతున్నది ఉత్త అట్ట.

నన్ను చూసింది. గొంతు ఇంకా పెంచింది: "మునిగిపోతున్న శత్రురాజుని రాణి జుట్టు పట్టుకుని..."

"సరే, రాణిగారు గట్టెక్కారుగా, ఇక వెళ్లండి పంతులుగారూ," అంటూ ఏసుబాబు తలుపు మీద చెయ్యి వేశాడు.

"తీశావంటే చూడు!" అని గట్టు మీద చతికిలబడ్డాను. "ముందు ఆ రాజు సంగతి తేలనీ!"