సోమవారం సెలవు

ఆ మనిషి అసలు పేరు మా క్లబ్బులో ఎవరూ అడగలేదు.

ఏడాది కిందట ఎక్కడినుంచో వచ్చి రొట్టెల కొట్టు మేడమీద గదిలో దిగాడు. రోజూ సాయంత్రం మా పెన్షనర్ల క్లబ్బుకి వచ్చి, మూల కుర్చీలో కూర్చుని, మా డొమినో ఆట చూస్తూ ఒక్క కాఫీ తాగి వెళ్ళేవాడు.

మేం టోలెడో నగరానికి రెండు రోజుల యాత్ర వేసుకుంటున్నప్పుడు మొదటిసారి నోరు విప్పాడు.

"సోమవారం వెళ్ళకండి. ఆ రోజు మ్యూజియాలు చాలావరకు మూసేస్తారు."

క్లబ్బు అధ్యక్షురాలు ఒబ్దూలియా రిటైరైన టీచరమ్మ. ముప్ఫయ్యేళ్ళు పిల్లల నోళ్ళు మూయించిన మనిషి. ఆవిడకి ఇంకొకరు పాఠం చెప్పడమా?

"అయ్యా సోమవారంగారూ, తమరి సలహాకి ధన్యులం," అంది.

అందరం నవ్వాం. ఆ రోజునుంచి ఆయన పేరు అదే అయింది. మా ఊళ్ళో ఒకసారి పేరు తగిలిస్తే సమాధి దాకా వదలదు. ఆయన కూడా చిన్నగా నవ్వి ఊరుకున్నాడు.

ఒబ్దూలియా పట్టుదలంతా ఒక మఠం మీద. టోలెడోలో ఘోషా పాటించే సన్యాసినుల మఠం అది. దాని చెక్క పైకప్పు చూసిన బయటివాళ్ళని వేళ్ళమీద లెక్కపెట్టొచ్చు. ఆవిడ మూడు ఉత్తరాలు రాస్తే మూడుసార్లూ కుదరదన్నారు. పంతం కొద్దీ నాలుగోది రాసింది.

"నేనూ ఓ ముక్క రాసి చూస్తాను," అన్నాడు సోమవారంగారు.

"ఏం, తమరు పోప్‌గారి చుట్టమా?"

"కాదమ్మా. నాకూ ఆ కప్పు ఒక్కసారి చూడాలనుంది. క్రిస్మస్ దాటితే నా చూపు ఉండదన్నాడు డాక్టరు."

"అయితే కళ్ళకి కూడా సోమవారం సెలవేనన్నమాట."

అది కాస్త ఎక్కువే. అయినా నవ్వాం, నేనూ నవ్వాను. ఆవిడ జాబితాలో ఆఖరి సీటు ఎదురుగా, పేరైనా అడక్కుండా, 'సోమవారం' అని రాసేసింది.

మూడు వారాలకి మఠం నుంచి క్లబ్బు పేరున జవాబు వచ్చింది. 'ఇలారియో మొరాల్‌గారితో వచ్చే మీ బృందానికి మంగళవారం పదకొండు గంటలకు తలుపు తీస్తాం. దయచేసి మరో రోజు అడగవద్దు.'

ఇలారియో మొరాల్ ఎవరో గైడు కాబోలనుకుంది ఒబ్దూలియా. తన నాలుగో ఉత్తరం పనిచేసిందని ఊరంతా చాటుకుంది. సోమవారంగారు వచ్చి, ఉత్తరం కాస్త చదివి వినిపిస్తారా అని అడిగాడు. రమ్మన్నారు, అంతే, అని మడిచి సంచిలో పెట్టేసింది.

ఆయనకి అదే చాలింది. మర్నాడు క్షవరం చేయించుకున్నాడు. కోటు ఇస్త్రీకి ఇచ్చాడు.

సరిగ్గా అప్పుడే మాడ్రిడ్‌లో ఉన్న ఒబ్దూలియా వదిన తనూ వస్తానంది. బస్సులో ఇరవై నాలుగే సీట్లు. ఎవర్ని దింపాలో ఎవరికీ అనుమానం రాలేదు. మెత్తనివాణ్ణి చూస్తే మొత్తబుద్ధి కదా.

కాకపోతే ఆ మాట మొహం మీద చెప్పడానికి ఒబ్దూలియాకి నోరు రాలేదు. అంతకంటే పాడుపని చేసింది.

"మీరు చెప్పినట్టే సోమవారం మానుకున్నామండీ. మంగళవారం పొద్దున్న ఆరింటికి చర్చి ముందు బస్సెక్కుదాం."

ఆయన ముఖం వెలిగిపోయింది. తన మాట నలుగురు విన్నందుకు అంత పొంగిపోయిన మనిషిని నేను చూడలేదు. అప్పుడైనా నేను నిజం చెప్పి ఉండాల్సింది. చెప్పలేదు.

సోమవారం మధ్యాహ్నమే మేం బయలుదేరిపోయాం. టోలెడోలో కౌజుపిట్టల కూర తిన్నాం, కొండమీది సందుల్లో పాటలు పాడుకుంటూ తిరిగాం.

మర్నాడు పొద్దున్న మఠానికి నడుస్తుంటే మా ఊరి చర్చి ఎదురుగా ఉన్న కాఫీ బారు యజమాని ఫోన్ చేశాడు. సోమవారంగారు తెల్లవారకముందే వచ్చి చర్చి ముందు బెంచీ మీద పెట్టె ఒళ్ళో పెట్టుకుని కూర్చున్నాడట. లోపలికొచ్చి కాఫీ తాగమంటే, తను కనపడకపోతే బస్సు వెళ్ళిపోతుందేమోనని కదల్లేదట.

వదినగారు కళ్ళనీళ్ళు వచ్చేలా నవ్వింది.

మఠంలో మనిషి కనపడదు. గోడలో తిరిగే చెక్క గూడు ఉంటుంది, దాని వెనకనుంచి గొంతు మాత్రం వినిపిస్తుంది.

"ఇలారియోగారు వచ్చారా?" అని అడిగింది ఆ గొంతు.

"మేమూ ఆయన కోసమే చూస్తున్నాం సిస్టర్. గైడు ఇంకా రాలేదు," అంది ఒబ్దూలియా.

"గైడేమిటమ్మా? నలభై ఏళ్ళ కిందట ఈ కప్పు కాలిపోతే, తొమ్మిదేళ్ళు పరంజా మీద వెల్లకిలా పడుకుని ముక్కముక్కా అతికించింది ఆయనే. ఆ బూడిదా సున్నమూ పడబట్టే కళ్ళు చెడిపోయాయి. చూపు పోయేలోగా ఒక్కసారి చూసుకుంటానని రాశారు. రేపటినుంచి మరమ్మతులు, రెండేళ్ళపాటు కప్పుకి గుడ్డ కట్టేస్తారు. అందుకే ఈ పూట ఆయన కోసం తలుపు తీస్తున్నాం."

ఒబ్దూలియా సంచిలోంచి జాబితా తీసి పైనుంచి కిందికి చూసింది. ఆఖరి పేరు కొట్టేసి పైన వదినగారి పేరు రాసి ఉంది.

"మా వాళ్ళలో ఆ పేరుగలవాళ్ళు లేరు సిస్టర్," అంది.

లోపల కాగితం విప్పిన చప్పుడైంది.

"ఆ పేరు మీకు తెలియదేమోనని ఆయనే రాశారు తల్లీ, 'ఈ కొత్త ఊళ్ళో నాకు ఇరవై ముగ్గురు స్నేహితులు దొరికారు, వాళ్ళకి కూడా చూపించాలి, నన్ను వాళ్ళు ముద్దుగా సోమవారం అని పిలుస్తారు' అని. మరి మీ సోమవారం ఏరమ్మా?"