వంతెన మీద ఎర్ర చుక్క

మ్యాప్ మీద ఎర్ర చుక్క వెలిగింది.

"అన్నా, ఎవరో మన ఆటలోకి చొరబడ్డారు!" హెడ్‌ఫోన్‌లో యెయిసన్ కేక పెట్టాడు. "వంతెన అవతలి వైపు నించి వస్తున్నారు. నువ్వు కదలకు, ఎరలాగా అక్కడే నిలబడు. నేను వెనకనించి వేసేస్తా."

యెయిసన్ వేరే ఊళ్ళో, కార్టహేనాలో, మోటారు సైకిళ్ళు బాగుచేస్తాడు. లెయోకాడియో ఇక్కడ బరాంకియాలో ఫ్యాన్లు బాగుచేసే తన కొట్టు వెనక గదిలో చెమటలు కక్కుతూ కూర్చున్నాడు. ఇద్దరూ ఒకరి మొహం ఒకరు ఎన్నడూ చూడలేదు. ఆటలో మాత్రం కత్తులు పట్టుకుని భుజం భుజం కలిపి తిరుగుతారు.

ఎర్ర చుక్క దగ్గరికొచ్చింది. పొగమంచులోంచి ఓ ఎర్రటి ఆకారం బయటపడింది. తలకి చేప మొహం తొడుగు, చేతిలో వంకర కత్తి. నెత్తిమీద దాని పేరు: పులుసు రాణి.

లెయోకాడియో ఆ అక్షరాలు మళ్ళీ చదివాడు. ఆ పేరు పెట్టింది తనే. ఓ ఆదివారం సాంకోచో పులుసు మాడగొట్టినందుకు నెరెయిదాని ఏడిపించడానికి పెట్టాడు. ఆవిడ పంతానికి దాన్నే ఉంచేసుకుంది.

నెరెయిదా అతని భార్య. వెళ్ళిపోయి ఏడాది దాటింది. ఫోన్ చేస్తే ఎత్తదు. రాసింది చదవదు. వాళ్ళక్క తలుపు తీయదు. ఈ ఆటలో చొరబడేవాళ్ళకి మాత్రం ఎవరి లోకంలో పడతామో ముందుగా తెలియదు. ఆ ఒక్క దారీ మూయడం ఆవిడ చేతిలో కూడా లేదు. అందుకే లెయోకాడియో రోజూ తన లోకాన్ని బార్లా తెరిచిపెట్టి, ఒకప్పుడు ఇద్దరూ కలిసి నిలబడిన ఈ వంతెన దగ్గరే నిలబడుతున్నాడు. ఎవరెవరో వచ్చి నరికిపోయారు. ఆ పేరు కనపడటం ఇదే మొదలు.

"యెయిసన్, కొట్టకు!"

"ఏంటీ?"

"కొట్టావంటే ఊరుకోను. చచ్చిందంటే వెళ్ళిపోతుంది."

"అదేగా మనక్కావలసింది!"

"నాక్కాదు. నువ్వు వెళ్ళు తమ్ముడూ. నన్ను వదిలెయ్."

"ఎండకి నీ బుర్ర ఉడికిపోయిందన్నా," యెయిసన్ నవ్వాడు. "సరే, ఆ చేపతోనే కాపురం చేసుకో. పిల్లలు పుడితే చెప్పు, ఈత నేర్పిస్తా."

యెయిసన్ నీలం చుక్క ఆరిపోయింది. మ్యాప్ మీద రెండు చుక్కలే మిగిలాయి.

లెయోకాడియో కత్తి కింద పడేసి మైకు తెరిచాడు. అవతలివాళ్ళకి వినపడుతోందని చెప్పే చిన్న దీపం వెలిగింది.

"నెరే," అన్నాడు. "నెరే, నేనే. కత్తి ఎత్తకు. కాదు, ఎత్తుకో, కానీ కాసేపాగి. నేను చస్తే నువ్వు వెళ్ళిపోతావు. నువ్వు చచ్చినా వెళ్ళిపోతావు. ఇదేం దిక్కుమాలిన ఆటో చూడు."

ఎర్ర ఆకారం ముందుకొచ్చింది. వంకర కత్తి లేచింది. లేచింది లేచినట్టే ఆగిపోయింది.

"కరెంటు పోయే వేళయింది, తొందరగా చెప్పేస్తా. ఆ రోజు బస్టాండుకి నేను రాలేదనుకున్నావు కదూ. వచ్చాను. జ్యూసు బండి వెనకాల నిలబడ్డాను. నువ్వు సంచి పైకందిస్తూ వెనక్కి చూశావు. మళ్ళీ చూశావు. ఎదురుపడితే వెళ్ళిరా అనాలి కదా. ఆ మాట అనకపోతే నువ్వు వెళ్ళినట్టు కాదనుకున్నాను. బుద్ధి తక్కువ. బస్సు కదిలాక వెనకాలే పరిగెత్తాను. డ్రైవరు అద్దంలో చూసి దొంగనుకున్నాడో ఏమో, ఇంకా జోరు పెంచాడు."

కత్తి మెల్లగా కిందికి దిగింది.

"తిరిగి రమ్మని అడగను. వచ్చినా ఇంట్లో కూర్చోడానికి చోటు లేదులే, అంతా ఫ్యాన్లే. పడుకునేముందు అన్నీ ఒక్కసారే తిప్పుతాను. చప్పుడుంటే ఇంట్లో ఎవరో ఉన్నట్టుంటుంది." అతను ఊపిరి తీసుకున్నాడు. "నేను నిన్ను పొమ్మనలేదు నెరే. ఆ సంగతి నీకు తెలియాలి. అంతే. తెలిసిందని చెప్పు. నోరు విప్పక్కర్లేదు, తల ఊపు చాలు."

బయట వీధిలో మామిడికాయలమ్మే ఆవిడ అరుచుకుంటూ వెళ్ళిపోయింది. ఎర్ర ఆకారం కదల్లేదు. లెయోకాడియో తెర దగ్గరికి ఎంత వంగాడంటే, అతని ఊపిరికి అద్దం మసకబారింది. చేతితో తుడిచాడు.

ఎర్ర ఆకారం కత్తిని ఒరలో పెట్టింది. చేప తల ఒకసారి కిందికీ పైకీ ఊగింది. తర్వాత అతని పక్కకి వచ్చి, వంతెన అంచున కాళ్ళు వేలాడేసుకుని కూర్చుంది.

అతనూ కూర్చున్నాడు. మ్యాప్ మీద రెండు చుక్కలూ ఒకదాన్నొకటి తాకుతున్నాయి. చొక్కా అంచు కళ్ళకి అద్దుకుని లెయోకాడియో చిన్నగా నవ్వాడు. ఇంత హాయిగా అతను ఊపిరి పీల్చి ఎన్నాళ్ళయిందో.

అవతలి మైకు దీపం వెలిగింది.

"నెరే?"

"అయిపోయిందా బాబాయ్?" బెరుకుగా అడిగింది ఎవరో అమ్మాయి. "ఈ అకౌంటు నాకు అమ్మేటప్పుడు, ఇదివరకు దీంతో ఆడే అక్క ఒకటే మాట తీసుకుంది. 'వంతెన దగ్గర ఒకాయన నిలబడి ఉంటాడు, ఆయన చెప్పేది వినడం నావల్ల కాదు, నువ్వైనా ఆఖరిదాకా విను' అంది."