మాట వినే గేటు

వాగుకు ఇటువైపు ఒక దేశం, అటువైపు ఇంకో దేశం అయ్యాక వంతెన మీద సైనికులకు బదులు గేట్లు వెలిశాయి. అవి కాగితాలు అడగవు, మాట వింటాయి. పరాయి యాస తగిలితే తెరుచుకోవు.

అవతలి ఊళ్లో కూతురు ఈశ్వరికి నెలలు నిండుతున్నాయని తెలిసి, సుక్కమ్మ రెండు నెలలు కూర్చుని అటువాళ్ల పలుకు నేర్చుకుంది. గేటు ముందు చెమటలు కక్కుతూ ఆ నాలుగు ముక్కలూ అప్పజెప్పింది. గేటు తెరుచుకుంది.

మనవడు పుట్టిన మూడో రోజు పొద్దున వాణ్ణి ఒళ్లో వేసుకుని, ఒకప్పుడు ఈశ్వరికి పాడిన జోలే ఎత్తుకుంది. ఒక చరణమైనా పూర్తి కాకుండానే ఈశ్వరి పచ్చి ఒంటితో మంచం దిగి వచ్చి తల్లి నోరు మూసింది.

"వద్దమ్మా, మన మాట ఆడి సెవిన పడనీకు. నాలిక్కి అంటుకుంటే రేపు బడి గేటు ఆణ్ణి రానివ్వదు" అంది చెవిలో గుసగుసగా.

"జోలపాటే కదే!"

"నాకు తెల్దేటి? నొప్పులప్పుడు కూడా 'అమ్మా' అని అరవనేదు నేను. గుడ్డ కొరుక్కున్నాను."

సుక్కమ్మ, గుక్కపట్టి ఏడుస్తున్న మనవణ్ణి పెదవి కదపకుండా జోకొడుతూ కూర్చుంది. వాడు ఎంతకీ నిద్రపోలేదు.